సిటీలో దోమలు తగ్గాలంటే ఏం చెయ్యాలి: అపార్ట్‌మెంట్లకి, కాలనీలకి పూర్తి గైడ్

వానాకాలం మొదలైతే చాలు, హైదరాబాద్‌లో ప్రతి కాలనీ వాట్సాప్ గ్రూపులో ఒకటే ప్రశ్న, ఫాగింగ్ బండి ఎప్పుడొస్తుంది అని. పొగ కొట్టి వెళ్తే అందరికీ ఒక ధైర్యం, ఇంక దోమలు పోయినట్టేనని. కానీ డెంగీ దోమ ఎక్కువగా పుట్టేది రోడ్డు మీద నాలాలో కాదు, మన గేటు లోపలే, డ్రమ్ములో, కూలర్లో, పూలకుండీ కింద ప్లేట్లో, టెర్రస్ మీద మర్చిపోయిన పెయింట్ డబ్బాలో. అక్కడికి పొగ బండి రాదు, వచ్చినా నీళ్ళలో ఉన్న పురుగుకి, అంటే ఇంకా దోమగా మారని పిల్లకి, ఆ పొగ ఏమీ చెయ్యదు. అందుకే ఈ పని వారానికొకసారి మనమే చేసుకోవాలి, మన ఒక్క ఇల్లే కాదు, మన బిల్డింగూ పక్క బిల్డింగూ కలిపి చెయ్యాలి. ఎలా మొదలుపెట్టాలి, ఏ నీళ్ళకి ఏం చెయ్యాలి, ఎవరితో ఏం మాట్లాడాలి, జ్వరం వస్తే ఏం చెయ్యాలి, అన్నీ వరసగా రాస్తున్నా. హైదరాబాద్‌ని దృష్టిలో పెట్టుకునే రాశాను గానీ విజయవాడ, వైజాగ్, వరంగల్‌లో ఉన్నవాళ్ళకి కూడా తొంభై శాతం ఇదే పనికొస్తుంది.

మొదటి స్టెప్: మిమ్మల్ని కుడుతున్నది ఏ దోమో తెలుసుకోండి

ఇది తెలీకుండా మొదలుపెడితే ఒకచోట పుట్టే దోమ కోసం ఇంకోచోట కష్టపడతాం. మన సిటీల్లో పట్టించుకోవాల్సినవి మూడు రకాలు.

రాత్రి లైటు తీసేయగానే చెవి దగ్గర గుయ్యిమనేది ఎక్కువగా క్యూలెక్స్. గోధుమ రంగులో ఉంటుంది, మురుగు నీళ్ళలో పుడుతుంది, అంటే ఓపెన్ డ్రైన్లు, సెప్టిక్ ట్యాంకులు, మూసీ ఒడ్డు, గుర్రపు డెక్క పట్టేసిన చెరువులు. బోదకాలు వచ్చేది దీనివల్ల. మనకి నిద్ర లేకుండా చేసేది ఎక్కువ శాతం ఇదే, కానీ ఇది డెంగీ తేదు.

డెంగీ, చికున్‌గున్యా తెచ్చేది ఏడిస్ ఈజిప్టై, మనవాళ్ళు టైగర్ దోమ అంటారు. చిన్నగా నల్లగా ఉంటుంది, కాళ్ళ మీద తెల్ల చారలు స్పష్టంగా కనిపిస్తాయి. ఇది పగలు కుడుతుంది, ముఖ్యంగా తెల్లారిన తర్వాత ఒక రెండు గంటలు, మళ్ళీ సాయంత్రం చీకటి పడే ముందు రెండు గంటలు. పెద్దగా చప్పుడు చెయ్యదు, కాళ్ళ దగ్గర, మోచేతుల వెనక కుట్టి వెళ్ళిపోతుంది, సోఫా కింద, వేలాడే బట్టల వెనక, మంచం కింద చీకట్లో దాక్కుంటుంది. 2005-06లో చికున్‌గున్యా వచ్చినప్పుడు ఊళ్ళకి ఊళ్ళు కీళ్ళు పట్టేసి లేవలేకపోయిన సంగతి మన పెద్దవాళ్ళకి బాగా గుర్తు, అది మోసుకొచ్చింది కూడా ఈ దోమే. ఇది పుట్టేది మనం చూడ్డానికి శుభ్రంగా ఉందనుకునే నిలవ నీళ్ళలో.

మూడోది అనాఫిలిస్, మలేరియా దోమ. అందులో స్టీఫెన్సీ అనే రకం సిటీకి బాగా అలవాటు పడింది, మూత లేని ఓవర్‌హెడ్ ట్యాంకులు, వాడని బావులు, కట్టుబడి జరుగుతున్న సైట్లు దీని స్థావరాలు. మలేరియా దోమ వల్లే వస్తుందనే రహస్యానికి తాళంచెవి దొరికింది మన దగ్గరే, 1897 ఆగస్టు 20న సికింద్రాబాద్‌లో రొనాల్డ్ రాస్ అనాఫిలిస్ దోమ కడుపులో మలేరియా క్రిమిని చూశాడు, దానికే 1902లో నోబెల్ వచ్చింది, ఆగస్టు 20ని ప్రపంచ దోమల దినం అంటున్నది కూడా అందుకే. ఆయన పని చేసిన బిల్డింగ్ బేగంపేటలో ఇప్పటికీ ఉంది, మనం ఫీవర్ హాస్పిటల్ అని పిలుచుకునే నల్లకుంట దవాఖానకి కూడా ఆయన పేరే పెట్టారు. అంత చరిత్ర ఉన్న ఊళ్ళో ఇంకా పిల్లలు దోమకాటుతో ఐసీయూల్లో పడుకుంటున్నారంటే బాధగా ఉంటుంది.

నీళ్ళలో పురుగు చూసి కూడా గుర్తు పట్టొచ్చు. మనం తోకపురుగులు అంటాం కదా, అవి తలకిందులుగా నీటి పైపొర నుంచి వేలాడుతూ ఉంటే ఏడిస్ గానీ క్యూలెక్స్ గానీ అయ్యుంటుంది, పైపొరకి సమాంతరంగా పడుకున్నట్టు ఉంటే అనాఫిలిస్. మంచి నీళ్ళ డ్రమ్ములో వేలాడుతున్నవి కనిపిస్తే ఏడిస్ అనే అనుకుని పని చెయ్యండి, పొరపాటైనా నష్టం లేదు.

రెండో స్టెప్: వారం లెక్క, గోడ లెక్క

ఏడిస్ ఆడ దోమ గుడ్లని నీళ్ళలో పెట్టదు, నీళ్ళకి కొంచెం పైన, తడిగా ఉన్న గోడకి అంటిస్తుంది. మసి చుక్కల్లా ఉంటాయి, కంటికి సరిగ్గా ఆనవు కూడా. నీళ్ళు తగిలితే పొదుగుతాయి, అక్కడి నుంచి దోమగా ఎగరడానికి మన వాతావరణంలో 7 నుంచి 10 రోజులు. నీళ్ళు తగలకపోతే? అలాగే ఎండిపోయి నెలల తరబడి బతికే ఉంటాయి, మళ్ళీ ఎప్పుడు నీళ్ళు పడితే అప్పుడు పొదుగుతాయి.

దీన్నుంచి రెండు విషయాలు అర్థం చేసుకుంటే మిగతా గైడ్ అంతా సులభం. ఒకటి, వారానికి ఒకసారి తప్పకుండా నీళ్ళు ఖాళీ చేస్తే పురుగు దోమ అయ్యేలోపే చస్తుంది, పది రోజులకోసారి చేస్తే మాత్రం ఆలస్యమైపోతుంది. రెండు, నీళ్ళు పారబోస్తే సరిపోదు, గోడలు రుద్దాలి. చాలామంది డ్రమ్ము వంచేసి మళ్ళీ నింపుతారు, గోడకున్న గుడ్లు అలాగే ఉంటాయి, రెండు రోజుల్లో మళ్ళీ తోకపురుగులు కనిపిస్తే ఎక్కడి నుంచి వచ్చాయా అని ఆశ్చర్యపోతారు.

ఇంకో సంగతి, ఏడిస్ దూరం ఎగిరే దోమ కాదు. చాలావరకు పుట్టిన ఇంటి చుట్టుపక్కలే తిరుగుతుంది, మామూలుగా 400 మీటర్లు దాటదు. మీ ఫ్లాట్లో పగలు కుట్టే దోమ ఉందంటే అది పుట్టింది మీ బిల్డింగ్‌లోనో, పక్క బిల్డింగ్‌లోనో, ఎదురు ఖాళీ ప్లాట్‌లోనో. వెతికితే దొరుకుతుంది.

మూడో స్టెప్: పైనుంచి కిందకి ఒకసారి నడిచి లిస్ట్ రాసుకోండి

ఒక ఆదివారం పొద్దున ఇద్దరు ముగ్గురు కలిసి టెర్రస్ నుంచి సెల్లార్ దాకా నడవండి. చేతిలో టార్చి, తెల్ల గరిటె గానీ తెల్ల ప్లాస్టిక్ కప్పు గానీ, ఒక నోట్‌బుక్. తెల్లది ఎందుకంటే అందులో నీళ్ళు ముంచితే పురుగులు స్పష్టంగా కనిపిస్తాయి. నీడ పడితే పురుగులు అడుక్కి వెళ్ళిపోతాయి కాబట్టి మెల్లగా వెళ్ళి ముంచాలి, ఒక నిమిషం ఆగితే మళ్ళీ పైకొస్తాయి.

టెర్రస్ మీద: ట్యాంకు మూతలు పగిలాయా, ఓవర్‌ఫ్లో పైపుకి జాలీ ఉందా, ట్యాంకు కింద దిమ్మెల మధ్య నీళ్ళు నిలుస్తున్నాయా, సోలార్ హీటర్ దగ్గర కారుతోందా, పక్షులకి పెట్టిన గిన్నె ఎప్పుడు మార్చారు, టార్పాలిన్ మడతల్లో వాన నీళ్ళు ఉన్నాయా, పాత కమోడ్, పగిలిన బకెట్, టైల్స్ వేసినప్పుడు మిగిలిన డబ్బాలు. వాన నీటి పైపు ఆకులతో మూసుకుపోతే స్లాబ్ మీద ఒక మూల చిన్న చెరువే తయారవుతుంది, ఈ ఒక్కటి సరిచేస్తే సగం టెర్రస్ పని అయినట్టే. సన్‌షేడ్‌ల మీద కూడా కిటికీలోంచి తొంగి చూడండి, పై ఫ్లోర్ వాళ్ళు పడేసిన కప్పులు అక్కడే ఉంటాయి.

ఇళ్ళలో: కూలర్, ఫ్రిజ్ వెనక ట్రే, ఏసీ నీళ్ళు పట్టే బకెట్, ఆర్వో వేస్ట్ నీళ్ళు పట్టి ఉంచే బకెట్, మనీ ప్లాంట్ సీసాలు, కుండీల కింద ప్లేట్లు, బాల్కనీలో వాడని రోలు, దేవుడి దగ్గర మార్చని కలశం నీళ్ళు, వాడని బాత్‌రూమ్‌లో కమోడ్. తాళం వేసి అమెరికా వెళ్ళినవాళ్ళ ఫ్లాట్లు అస్సలు మర్చిపోవద్దు. నెలల తరబడి కదలని కమోడ్ నీళ్ళు, బాల్కనీలో కుండీలు, అక్కడ దోమకి అడ్డు చెప్పేవాళ్ళే లేరు. తాళం ఎవరి దగ్గరుందో కనుక్కుని వారానికోసారి ఫ్లష్ చేయించండి, కుదరకపోతే కమోడ్ మీద ప్లాస్టిక్ షీట్ పరిచి చుట్టూ టేప్ వేసేయండి.

కింద: సంపు మూత, వాటర్ మీటర్ గుంత, ఇంకుడు గుంత, జనరేటర్ దగ్గర గుంతలు, వాచ్‌మన్ వాళ్ళ నీళ్ళ డ్రమ్ములు, లిఫ్ట్ పిట్. లిఫ్ట్ పిట్‌ని అసలు ఎవరూ చూడరు, చీకటిగా చల్లగా ఉంటుంది, ఊట నీళ్ళు చేరతాయి, అక్కడ పుట్టిన దోమలు లిఫ్ట్‌తో పాటే ఐదో ఫ్లోర్ దాకా వస్తాయి. మా పై ఫ్లోర్‌కి దోమలు రావండీ అనేవాళ్ళకి ఇది చెప్పండి. మీరు దిగొద్దు, లిఫ్ట్ మెయింటెనెన్స్ వాళ్ళు వచ్చినప్పుడు చూపించమనండి.

పురుగులు ఎన్ని ఇళ్ళలో దొరికాయో రాసుకోండి. అరవై ఫ్లాట్లు చూస్తే ఆరింట్లో దొరికితే నూటికి పది అన్నమాట, దీన్నే ఎంటమాలజీ వాళ్ళు, అంటే మున్సిపాలిటీలో దోమల పని చూసేవాళ్ళు, హౌస్ ఇండెక్స్ అంటారు. ఈ అంకె నెల నెలా తగ్గుతోందా లేదా చూస్తే మీరు చేస్తున్న పని ఫలిస్తోందో లేదో తెలుస్తుంది, లేకపోతే అందరూ ఎవరికి తోచింది వాళ్ళు చెప్తారు. ఏ ఫ్లాట్ అన్నది మాత్రం గ్రూపులో పెట్టొద్దు, పేరు పెట్టారంటే వచ్చే వారం ఆ ఇంటివాళ్ళు తలుపు తియ్యరు.

నాలుగో స్టెప్: వారంలో ఒక రోజు ఫిక్స్ చెయ్యండి

మన దగ్గర ఇది కొత్త కాదు. ఆంధ్రాలో ఆరోగ్య సిబ్బంది ఫ్రైడే డ్రై డే అని ఎప్పటి నుంచో చెప్తున్నారు, తెలంగాణలో 2020లో ప్రతి ఆదివారం పది గంటలకు పది నిమిషాలు అని ప్రోగ్రాం పెట్టారు. ఏ రోజైనా పర్లేదు, మారకుండా ఉంటే చాలు. ఎక్కువ మంది ఇంట్లో ఉండేది ఆదివారం కాబట్టి నా ఓటు దానికే.

ఫ్లాట్ లోపల పని ఆ ఇంటివాళ్ళది, పది పదిహేను నిమిషాలు పడుతుంది. కామన్ ఏరియా పని సొసైటీది, దానికి ఫ్లోర్‌కి ఒకరు చొప్పున పేరు రాసి పెట్టండి, అందరి పని అంటే ఎవరి పనీ కాకుండా పోతుంది. పెద్ద తరగతుల పిల్లల్ని కలుపుకోండి, తెల్ల కప్పులో తోకపురుగు ఒక్కసారి చూసిన పిల్లాడు ఇంట్లో అమ్మానాన్నల్ని తనే గుర్తు చేసి లేపుతాడు, పోస్టర్ అతికిస్తే రాని మార్పు దీంతో వస్తుంది. వాచ్‌మన్ మీద మొత్తం తోసెయ్యడం మాత్రం సరి కాదు. అసలు దోమలు ఎక్కువ కుట్టేది సెల్లార్‌లో ఉండే వాళ్ళ కుటుంబాన్నే, వాళ్ళ గదికి జాలీలు, మంచాలకి దోమతెరలు సొసైటీ డబ్బులతో కొనివ్వాలి, అది సాయం కాదు, మన బాధ్యత.

అయిదో స్టెప్: నీళ్ళ రకాన్ని బట్టి వైద్యం

ఖాళీ చెయ్యగలిగే నీళ్ళు. డ్రమ్ములు, బకెట్లు, కూలర్లు, కుండీ ప్లేట్లు. పూర్తిగా వంచండి, కొబ్బరి పీచుతో గానీ గరుకు బ్రష్‌తో గానీ సబ్బు పెట్టి లోపలి గోడలు, ముఖ్యంగా నీటి గీత పడిన చోట గట్టిగా రుద్దండి, కడిగి ఎండలో బోర్లించండి, బాగా ఆరాకే మళ్ళీ నింపండి. పురుగులున్న నీళ్ళని డ్రైన్‌లో పొయ్యొద్దు, అక్కడా కొన్ని బతుకుతాయి, ఎండిన మట్టి మీదో వేడి సిమెంట్ మీదో పోస్తే నిమిషాల్లో చస్తాయి. కుండీ ప్లేట్లలో నీళ్ళ బదులు ఇసుక నింపండి, మొక్కకి తేమ అందుతుంది, దోమకి నీళ్ళు దొరకవు. మనీ ప్లాంట్ సీసాలో నుంచి మట్టిలోకి మార్చేస్తే ఆ తలనొప్పే ఉండదు.

రోజు విడిచి రోజు నల్లా వచ్చే బస్తీల్లో నీళ్ళు పట్టుకోవద్దని చెప్పడం కుదరదు, తాగే నీళ్ళు అవి. వాళ్ళకి చెప్పాల్సింది మూత గురించి. సరిగ్గా బిగిసే మూత, లేదంటే నాలుగు మడతల పాత చీర గుడ్డ పైన కప్పి ఎలాస్టిక్‌తో గానీ సైకిల్ ట్యూబ్ ముక్కతో గానీ గట్టిగా కట్టాలి, గుడ్డ నీళ్ళలోకి వేలాడకూడదు. సగం పగిలిన మూత పెడితే లోపల చీకటిగా చల్లగా ఉండి దోమకి ఇంకా హాయిగా ఉంటుంది. రెండు డ్రమ్ములు ఉంటే ఒకటి పూర్తిగా వాడి, కడిగి, తర్వాతే రెండోది ముట్టుకోవాలి, ఎప్పుడూ పాత నీళ్ళ మీద కొత్త నీళ్ళు పట్టడం వల్లే అడుగు నీళ్ళు వారాల తరబడి ఉండిపోతాయి.

ఖాళీ చెయ్యలేని నీళ్ళు. సంపు, ఓవర్‌హెడ్ ట్యాంకు అయితే మూత, జాలీ, అంతే, మందు అవసరం రాకూడదు. ఫౌంటెన్లు, తామర తొట్లు, వాడని బావులు అయితే గప్పీ చేపలు వెయ్యండి, మున్సిపాలిటీ వాళ్ళు గంబూసియా కూడా ఇస్తారు, రెండూ తోకపురుగుల్ని బాగా తింటాయి. క్లోరిన్ వాసన వచ్చే నల్లా నీళ్ళలో వెంటనే వేస్తే చేపలు చచ్చిపోతాయి, ఒకట్రెండు రోజులు నీళ్ళని అలా ఉంచి వెయ్యండి. ఒక్క విషయం గట్టిగా చెప్తా, ఈ చేపల్ని మీ అంతట మీరు చెరువుల్లో, వాగుల్లో వదలొద్దు, గంబూసియా మన స్థానిక చేపల గుడ్లని, పిల్లల్ని కూడా తినేస్తుంది, ఒకసారి చేరాక తియ్యడం ఎవరివల్లా కాదు.

సెల్లార్‌లో ఊరే నీళ్ళకి, ఎండబెట్టలేని గుంతలకి లార్వా మందులు, అంటే నీళ్ళలో పురుగుల్ని చంపే మందులు, ఉన్నాయి. టెమిఫాస్ అనేది మున్సిపల్ సిబ్బంది ఎప్పటి నుంచో వాడేది, బీటీఐ అనేది బ్యాక్టీరియా నుంచి తీసింది, దోమ పురుగుల మీదే పని చేస్తుంది, చేపలకి, మనుషులకి హాని ఉండదు. ఏదైనా సరే డోసు ప్యాకెట్ మీద ఉన్నట్టే వెయ్యాలి, తాగే నీళ్ళలో సొంతంగా ఏదీ కలపొద్దు, అది సిబ్బందే కొలిచి వెయ్యాల్సిన పని. పాత ఇంజన్ ఆయిల్ పోస్తే పురుగులకి గాలి అందక చస్తాయన్నది నిజమే, మున్సిపాలిటీ వాళ్ళు మురికి గుంతల్లో ఆయిల్ బాల్స్ వేసేది అందుకే, కానీ ఇంకుడు గుంత, బోరు, చెట్ల దగ్గర మాత్రం ఆ పని చెయ్యకండి, ఆ నూనె నేలలోకి దిగి రేపు మన బోరులోనే తేలుతుంది.

ఇంకుడు గుంత గురించి విడిగా చెప్పాలి. సిటీలో కట్టినవాటిలో చాలా వాటికి మెయింటెనెన్స్ ఉండదు, పైన బురద పేరుకుని నీళ్ళు ఇంకడం ఆగిపోతుంది, అప్పుడది ఇంకుడు గుంత కాదు, దోమల గుంత. వాన ఆగిన మూడు రోజులకి కూడా నీళ్ళు కనిపిస్తుంటే పై పొర ఇసుక, కంకర తీసి కడిగి మళ్ళీ వెయ్యాలి. ఎండాకాలం చివర్లో చేయించుకుంటే వానల టైంకి రెడీగా ఉంటుంది.

ఆరో స్టెప్: రాత్రి దోమల సంగతి

క్యూలెక్స్‌కి మన చేతిలో ఉన్న పని తక్కువ, అడగాల్సిన పని ఎక్కువ. మన వైపు నుంచి సెప్టిక్ ట్యాంకు గాలి పైపు చివర సన్న జాలీ కట్టడం, చాంబర్ మూతల పగుళ్ళు సిమెంట్‌తో పూడ్చడం, బాత్‌రూమ్ ఫ్లోర్ ట్రాప్‌లకి జాలీ పెట్టడం, ఇంటి ముందు డ్రైన్‌లో కవర్లు పడెయ్యకుండా ఉండటం. పారే నీళ్ళలో దోమ పుట్టదు, ప్లాస్టిక్ అడ్డం పడి ఆగిన నీళ్ళలోనే పుడుతుంది. గాలి పైపుకి జాలీ వంద రూపాయల్లోపు పని, దానివల్ల తేడా చాలా కనిపిస్తుంది.

చెరువులో గుర్రపు డెక్క తీయించడం, నాలా పూడిక తీయించడం కార్పొరేషన్ పని. ఫోన్ చేసి దోమలు ఎక్కువున్నాయండీ అంటే ఏమీ జరగదు, ఫలానా నాలా, ఫలానా కల్వర్టు దగ్గర ఇన్ని రోజుల నుంచి నీళ్ళు ఆగాయి అని ఫోటోతో సహా కార్పొరేషన్ యాప్‌లో పెట్టి కంప్లైంట్ నంబర్ తీసుకోండి, ఒకే విషయం మీద పది ఇళ్ళ నుంచి కంప్లైంట్ వెళ్తే కదలిక వస్తుంది. మీ వార్డుకి ఎంటమాలజీ సూపర్‌వైజర్ ఎవరో కనుక్కుని గ్రూపులో ఆ నంబర్ ఉంచుకోండి. లార్వా మందు కొట్టే వర్కర్లు వచ్చినప్పుడు గేటు తీసి లోపలికి రానివ్వండి, చాలా గేటెడ్ కమ్యూనిటీల్లో వాళ్ళని సెక్యూరిటీ దగ్గరే ఆపేస్తారు, తర్వాత మున్సిపాలిటీ ఏం చేస్తోంది అని అడుగుతారు.

ఏడో స్టెప్: గేటు బయట మూడు చోట్లు

కన్‌స్ట్రక్షన్ సైటు అన్నిటికన్నా ముఖ్యం. స్లాబ్ క్యూరింగ్‌కి, అంటే కొత్త కాంక్రీటు గట్టిపడటానికి, గట్లు కట్టి వారం పది రోజులు నీళ్ళు నిలబెడతారు, సరిగ్గా ఏడిస్‌కి కావాల్సినంత టైం. క్యూరింగ్ ఆపమని ఎవరూ చెప్పరు, కానీ అయిదో రోజు గట్టు తెంపి చీపురుతో నీళ్ళు ఊడ్చేసి, వెంటనే మళ్ళీ నింపితే స్లాబ్‌కి నష్టం లేదు, పురుగులు పోతాయి. తడి గోనె సంచులు పరిచి తడుపుతూ ఉన్నా క్యూరింగ్ అవుతుంది. లిఫ్ట్ గుంతలు, మేస్త్రీల నీళ్ళ డ్రమ్ములు, పనివాళ్ళ షెడ్ల దగ్గర తొట్లు కూడా చూడమనండి. బిల్డర్‌తో గొడవ పెట్టుకునే కన్నా సైట్ సూపర్‌వైజర్‌ని పిలిచి తెల్ల కప్పులో పురుగులు చూపించండి, వాళ్ళ పనివాళ్ళకే ముందు జ్వరాలు వస్తాయని చెప్తే వింటారు. వినకపోతే అప్పుడు కంప్లైంట్.

టైర్ల షాపు, పాత సామాన్ల షాపు. టైర్ లోపల నీళ్ళు ఎంత వంచినా పూర్తిగా పోవు. షెడ్డు కిందో టార్పాలిన్ కిందో పెట్టడమే దారి, ఊయలకి, మొక్కలకి వాడే టైర్లకైతే కింద నాలుగు రంధ్రాలు చెయ్యాలి. కొబ్బరి బొండాల బండి వాళ్ళని బొండాన్ని రెండుగా చీల్చి పడెయ్యమనండి.

ఖాళీ ప్లాట్లు. ఓనర్ దొరికితే మొరం పోయించి లెవెల్ చేయించుకోవడం, దొరక్కపోతే ఆ ప్లాట్లో పడున్న కప్పులు, కవర్లు, డబ్బాలు మనమే ఏరించడం. దానికయ్యే ఖర్చు ఒక్క డెంగీ అడ్మిషన్ బిల్లు ముందు ఏ పాటిది?

ఎనిమిదో స్టెప్: ఫాగింగ్ ఎప్పుడు అడగాలి

ఫాగింగ్ వేస్ట్ అని నేననను. అది చంపేది ఆ టైంలో గాల్లో ఎగురుతున్న దోమల్ని మాత్రమే, మందు పొగ తేలిపోయాక దాని పని అయిపోయింది, గుడ్లు, పురుగులు అలాగే ఉంటాయి, రెండు మూడు రోజుల్లో కొత్త దోమలు బయటికొస్తాయి. కాబట్టి డెంగీ కేసు వచ్చినప్పుడు, వైరస్ ఉన్న దోమల్ని వెంటనే తగ్గించడానికి అది పనికొస్తుంది. కేసు వచ్చిన ఇంటి చుట్టూ యాభై ఇళ్ళలో లోపల పైరిథ్రమ్ అనే దోమల మందుని సిబ్బంది స్ప్రే చేస్తారు, ఏడిస్ ఇంట్లోనే దాక్కుంటుంది కాబట్టి రోడ్డు మీద పొగకన్నా అది మేలు, వాళ్ళు వస్తే తలుపులు తియ్యండి. తినే పదార్థాలు, తాగే నీళ్ళు మూత పెట్టి, ఆస్తమా ఉన్నవాళ్ళని, చంటిపిల్లల్ని కాసేపు వేరే చోటికి పంపండి.

తొమ్మిదో స్టెప్: ఒంటికి, ఇంటికి రక్షణ

కిటికీలకి జాలీలు మొదటి ఖర్చుగా పెట్టండి, ఒకసారి పెడితే ఏళ్ళు వస్తాయి. దోమతెర కొనేటప్పుడు చదరపు అంగుళానికి 156 రంధ్రాలు ఉన్నది అడగండి, గాలీ వస్తుంది, దోమా దూరదు. పగలు నిద్రపోయే పసిపిల్లలకి, బాలింతలకి పగలే దోమతెర కట్టాలి, మనం రాత్రికి మాత్రమే కడతాం, డెంగీ దోమ కుట్టేది పగలు.

ఒంటికి రాసుకునే క్రీముల్లో డీట్ గానీ పికారిడిన్ గానీ ఉన్నవి గంటల తరబడి పని చేస్తాయి, రెండు నెలల లోపు పసివాళ్ళకి రాయకండి. స్కూలుకెళ్ళే పిల్లలకి పొద్దున్నే కాళ్ళకి, చేతులకి రాసి పంపండి, వానాకాలం మూడు నాలుగు నెలలైనా ఫుల్ ప్యాంటు, ఫుల్ హ్యాండ్స్ వేసుకోనివ్వమని స్కూల్ వాళ్ళని అడగండి. కాయిల్స్ నాకు ఇష్టం లేదు, ఒక్క కాయిల్ వదిలే సన్న ధూళి 75 నుంచి 137 సిగరెట్లంత ఉంటుందని 2003లో వచ్చిన ఒక స్టడీ చెప్పింది, తలుపులు మూసిన గదిలో పిల్లల పక్కన దాన్ని వెలిగించడం వద్దే వద్దు. దోమల అగరుబత్తీలు అని సంతల్లో అమ్మేవాటిలో రిజిస్ట్రేషన్ లేని మందులు ఉంటున్నాయి, ప్యాకెట్ మీద సీఐబీ (కేంద్ర పురుగుమందుల బోర్డు) రిజిస్ట్రేషన్ నంబర్ లేకపోతే కొనొద్దు. ఫోన్‌లో శబ్దం చేసే యాప్‌లు, ప్లగ్ పెట్టే అల్ట్రాసోనిక్ డబ్బాలు పని చెయ్యవు, డబ్బులు దండగ.

పదో స్టెప్: బిల్డింగ్‌లో జ్వరం వచ్చినప్పుడు

డెంగీ ఉన్న మనిషి రక్తంలో వైరస్ మొదటి అయిదారు రోజులు బాగా ఉంటుంది. ఆ టైంలో కుట్టిన దోమకి 8 నుంచి 12 రోజుల్లో ఇంకొకరికి అంటించే శక్తి వస్తుంది. అంటే మొదటి జ్వరం తెలియగానే మనకి ఒక వారం టైం ఉంది. పేషెంట్‌ని పగలూ రాత్రీ దోమతెరలో ఉంచండి, అదే రోజు బిల్డింగ్ మొత్తం రౌండ్ వెయ్యండి, ఆదివారం దాకా ఆగొద్దు, వార్డు సిబ్బందికి చెప్పండి. జ్వరం వచ్చిందని దాచుకోవద్దు, తప్పు చేసినట్టు ఎవరూ చూడొద్దు.

జ్వరానికి పారాసిటమాల్ మాత్రమే, బరువుని బట్టి. ఐబుప్రోఫెన్, ఆస్పిరిన్, డైక్లోఫెనాక్ వేసుకోవద్దు, రక్తస్రావం ప్రమాదం పెరుగుతుంది. డెంగీ అవునో కాదో తెలియడానికి రక్త పరీక్ష, మొదటి అయిదు రోజుల్లో అయితే ఎన్ఎస్1 టెస్ట్, తర్వాత అయితే ఐజీఎం టెస్ట్. దగ్గర్లో బస్తీ దవాఖాన ఉంటే అక్కడ మొదలుపెట్టండి, పెద్ద అవసరం వస్తే ఫీవర్ హాస్పిటల్, గాంధీ, పిల్లలకి నీలోఫర్ ఉన్నాయి. ఓఆర్ఎస్, కొబ్బరి నీళ్ళు, మజ్జిగ, గంజి, ఏది దిగితే అది తాగిస్తూ ఉండాలి, మూత్రం సరిగ్గా వస్తోందా చూడాలి.

అందరూ పొరపాటు పడేది ఇక్కడే. మూడో రోజు నుంచి ఏడో రోజు మధ్యలో జ్వరం దిగుతుంది, ఇంట్లోవాళ్ళు హమ్మయ్య అనుకుంటారు, కానీ డెంగీలో అసలు ప్రమాదం మొదలయ్యేది ఆ ఒకట్రెండు రోజుల్లోనే. కడుపులో తీవ్రమైన నొప్పి, ఆగని వాంతులు, చిగుళ్ళ నుంచో ముక్కు నుంచో రక్తం, నల్లటి విరేచనం, మగతగా గానీ చిరాగ్గా గానీ ఉండటం, చేతులు కాళ్ళు చల్లబడటం, వీటిలో ఏ ఒక్కటి కనిపించినా అర్ధరాత్రి అయినా హాస్పిటల్‌కి వెళ్ళాలి. ప్లేట్‌లెట్లు యాభై వేలకి వచ్చాయని కంగారు పడి ఎక్కించమని డాక్టర్ మీద ఒత్తిడి చెయ్యకండి, రక్తస్రావం లేనప్పుడు మామూలుగా పది వేల కంటే తగ్గితేనే ఎక్కిస్తారు, అంతకన్నా ముఖ్యం బీపీ, హెమటోక్రిట్ (రక్తం ఎంత చిక్కబడిందో చెప్పే లెక్క), ఒంట్లో నీళ్ళు. బొప్పాయి ఆకు రసం తాగించి ఇంట్లో కూర్చోవడం, ఆ ఒక్కరోజు పోగొట్టుకోవడం చాలా ప్రమాదం.

ఒకసారి వచ్చి తగ్గితే ఇంక రాదనుకోవద్దు. డెంగీ వైరస్‌లు నాలుగు రకాలు, ఒక రకం వచ్చి తగ్గినా మిగతావి రావొచ్చు, రెండోసారి వేరే రకం వస్తే సీరియస్ అయ్యే అవకాశం ఎక్కువ. అందుకే డెంగీ వచ్చి తగ్గినవాళ్ళ ఇంట్లో వారం రౌండ్ ఇంకా గట్టిగా జరగాలి.

చివరి స్టెప్: సీజన్ అయిపోయాక

చలి ముదిరాక కేసులు తగ్గుతాయి, రౌండ్లు కూడా ఆగిపోతాయి. ఆపకండి, వారం కుదరకపోతే కామన్ ఏరియా వరకైనా చూడండి. కూలర్‌ని లోపల పెట్టే ముందు ట్యాంకు గోడలు రుద్ది, ప్యాడ్లు తీసేసి, ఆరబెట్టి మూట కట్టండి. ఖాళీ డ్రమ్ములు కడిగి బోర్లించండి. మార్చి, ఏప్రిల్‌లో నీళ్ళకి కటకట మొదలై మళ్ళీ డ్రమ్ములు బయటికి తీసినప్పుడు, నీళ్ళు పట్టే ముందే ఒకసారి పీచు పెట్టి రుద్దండి, పోయిన వానాకాలం గుడ్లు ఆ గోడలకి ఇంకా అంటుకునే ఉండొచ్చు.